బ్రాహ్మి లిపిని ఎలా చదివారు? అమరావతి, భట్టిప్రోలు చూసొచ్చినవాళ్లు తరచుగా అడిగే ప్రశ్నలు

అమరావతి మ్యూజియంలోనో, విజయవాడ బాపు మ్యూజియంలోనో శాసనం ముందు నిలబడ్డ ప్రతివాళ్లకూ వచ్చే అనుమానాలు దాదాపు ఒకటే. ఈ గీతలు ఎవరు చదివారు, ఎలా చదివారు, చదివింది నిజమేనని ఏమిటి నమ్మకం? ఆ ప్రశ్నలన్నీ ఇక్కడ ఒకచోట పెట్టాం. ఏ ప్రశ్న దగ్గర మొదలుపెట్టినా దాని జవాబు దానికే సరిపోతుంది.

## మొదటి అనుమానాలు

బ్రాహ్మి అంటే ఒక భాషా?

కాదు, లిపి. అశోకుడి కాలం నాటి బ్రాహ్మి శాసనాల్లో ఎక్కువ భాగం ప్రాకృతంలో ఉన్నాయి. తర్వాత అదే లిపిలో సంస్కృతం రాశారు, తమిళనాడు గుహల్లో తమిళం రాశారు. మనం ఇంగ్లీషు అక్షరాలతో ఫోన్‌లో తెలుగు కొట్టినట్టే, లిపి ఒకటి, భాష ఒకటి. ఈ రెండూ కలిపేసుకోవడం వల్లే సగం గందరగోళం.

మన వాళ్లు రాసుకున్నదే మన వాళ్లు ఎలా మరిచిపోయారు?

ఒక్కరోజులో మరిచిపోలేదు. ప్రతి తరం అక్షరాన్ని కొద్దిగా మార్చుకుంటూ పోయింది. తాత రాసింది మనవడు చదవగలడు, ఇరవై తరాల వెనక రాసింది చదవలేడు. 14వ శతాబ్దంలో ఫిరోజ్ షా తుగ్లక్ రెండు అశోక స్తంభాలను, ఒకటి తోప్రా నుంచి, ఒకటి మీరట్ నుంచి, ఢిల్లీకి తెప్పించాడు. వాటి మీద ఏం రాసి ఉందో అప్పటికే చెప్పగలిగినవాళ్లు లేరు. 17వ శతాబ్దం మొదట్లో ఢిల్లీ వచ్చిన థామస్ కోర్యాట్ అనే ఇంగ్లీషు యాత్రికుడు ఆ రాత గ్రీకు అనీ, అలెగ్జాండర్ వేయించిందనీ అనుకున్నాడు. అంటే లిపి ఏ దేశానిదో కూడా తెలియనంతగా గొలుసు తెగిపోయింది.

ఈజిప్టు రోసెట్టా రాయి లాగా రెండు భాషల శాసనం ఏదైనా దొరికిందా?

బ్రాహ్మికి అంత పెద్ద రాయి దొరకలేదు. రోసెట్టా రాయి మీద అదే విషయం గ్రీకులో కూడా ఉండబట్టి, 1799లో దొరికిన ఆ రాయి సాయంతో షాంపోలియాన్ 1822లో ఈజిప్టు లిపి గుట్టు విప్పాడు. బ్రాహ్మికి ఉన్న ద్విభాషా సాక్ష్యం గోరంత. అగథోక్లిస్ అనే ఇండో-గ్రీకు రాజు నాణెం మీద ఒకవైపు గ్రీకులోనూ, రెండోవైపు బ్రాహ్మిలోనూ అతని పేరు ఉంది. 1836లో క్రిస్టియన్ లాసెన్ దాన్ని పట్టుకుని బ్రాహ్మి వైపు కొన్ని అక్షరాలు సరిగ్గా చదివాడు. మొత్తం లిపి తెరుచుకోవడానికి ఆ ఒక్క పేరు చాలదు.

## విడదీసిన తీరు

జేమ్స్ ప్రిన్సెప్ ఒక్కడే చదివేశాడా?

చివరి తాళం ఆయన తీశాడు. అంతకుముందు తాళాలు వేరేవాళ్లు తీశారు. పద్ధతి వెనక్కి నడవడం: తెలిసిన లిపి నుంచి దానికంటే కాస్త పాతదానికి, అక్కడి నుంచి ఇంకాస్త పాతదానికి.

1780లలో చార్లెస్ విల్కిన్స్ పాలరాజుల శాసనాలూ, గయ దగ్గరి నాగార్జుని కొండ గుహల్లోని మౌఖరి రాజుల శాసనాలూ చదివాడు. 1834లో ట్రాయర్, మిల్ అనే ఇద్దరు అలహాబాద్ స్తంభం మీది సముద్రగుప్తుడి శాసనాన్ని చదివారు. అదే స్తంభం మీద గుప్తుల రాతతో పాటు అంతకంటే పాత రాత ఉంది. అదే అశోకుడిది. కలకత్తా టంకశాలలో లోహాల మేలిమి పరీక్షించే అధికారి అయిన ప్రిన్సెప్ 1834 నుంచి దాని వెంటపడి 1837లో సాధించాడు. కమలాకాంత విద్యాలంకార్ అనే పండితుడు పక్కనుండి పాఠాలు విడగొట్టిపెట్టాడు. ఇలాంటి పండితుల పేర్లు పుస్తకాల్లో ఒక వాక్యంతో సరిపెడతారు. అది అన్యాయం. మన వైపే చూస్తే, సర్వేయరు కాలిన్ మెకంజీ దొరకు దక్షిణాది పాత శాసనాలు చదివిపెట్టినవాళ్లలో ముఖ్యుడు కావలి వెంకట బొర్రయ్య.

ఒక్క అక్షరం తెలియకుండా పని ఎలా మొదలుపెట్టారు?

గుణింతాలతో. బడిలో క, కా, కి, కీ అని వేసినవాళ్లకు ఇది వెంటనే అర్థమవుతుంది.

ప్రిన్సెప్ అలహాబాద్ స్తంభం రాతలో ఉన్న గుర్తులన్నీ విడివిడిగా ఏరి పట్టిక వేశాడు. చూస్తే అవి వందల వేర్వేరు గుర్తులు కావు. కొన్ని మూల ఆకారాలు ఉన్నాయి, ఒక్కోదానికి పైనో కిందో పక్కనో అవే చిన్న గీతలు మళ్లీ మళ్లీ తగులుతున్నాయి. అంటే హల్లు, దానికి అచ్చు గుర్తు. ఇది గ్రీకు పద్ధతి కాదు, మన దేశపు లిపుల పద్ధతి. ఉచ్చారణ ఒక్కటి కూడా తెలియకముందే లిపి కుటుంబం తెలిసిపోయింది. ఏ గుర్తు ఎన్నిసార్లు వచ్చిందో లెక్క కట్టడం ఇంకో మెట్టు.

'దానం' అన్న ఒక్క మాటతో లిపి మొత్తం తెరుచుకుందంటారు, అదెలా?

మొత్తం తెరుచుకోలేదు గానీ, తలుపు కదిలింది అక్కడే. వరుసగా చూడండి.

సాంచీ స్తూపం చుట్టూ ఉన్న రాతి కటకటాల మీద చిన్న చిన్న రాతలున్నాయి. కెప్టెన్ ఎడ్వర్డ్ స్మిత్ వాటి అచ్చులు తీసి పంపాడు. ప్రిన్సెప్ వాటిని అచ్చువేయించడానికి ఒకే కాగితం మీద వరుసగా పేరుస్తుంటే ఒక సంగతి కంటపడింది: దాదాపు అన్నీ అవే రెండు అక్షరాలతో ముగుస్తున్నాయి. ఒకే పెద్ద శాసనం ముక్కలైతే అలా ముగియవు. కాబట్టి ఒక్కోటీ విడిగా పూర్తయిన వాక్యం.

గుడి దగ్గర రాళ్ల మీద ఇంత పొట్టి వాక్యాలు ఎవరు చెక్కిస్తారు? బర్మాలో భక్తులు తాము ఇచ్చినవాటి మీద పేర్లు వేయించుకునే అలవాటు ప్రిన్సెప్‌కు తెలుసు. మనకైతే చెప్పనే అక్కర్లేదు. ఏ గుడికి వెళ్లినా మెట్టు మీద, గంట మీద, ఫ్యాను రెక్క మీద దాత పేరు ఉంటుంది.

చివరి మాటకు ముందు తరచూ ఒకే అక్షరం వస్తోంది. సౌరాష్ట్ర నాణేల వల్ల అది 'స' అని అప్పటికే తెలుసు. ప్రాకృతంలో 'స' అంటే 'యొక్క'. అంటే వాక్యం 'ఫలానావాడి యొక్క ఏదో'. ఆ ఏదో రెండక్షరాల మాట. మొదటి అక్షరం నెత్తిన కుడివైపుకు చిన్న అడ్డగీత ఉంది, అది దీర్ఘం. రెండో అక్షరం పక్కన చుక్క ఉంది, అది సున్న. దీర్ఘంతో మొదలై సున్నతో ముగిసే, దాత పేరు పక్కన వచ్చే రెండక్షరాల మాట ఏముంటుంది? దానం. ఒక్క దెబ్బకు ద, న, సున్న మూడూ తేలాయి.

ఆ మూడింటిని మిగతా శాసనాల్లో పెట్టి చూస్తే పేర్లు పలికాయి: 'ఈసపాలితస చ సమనస చ దానం', అంటే ఈసపాలితుడిదీ సమనుడిదీ దానం. పేరు పలికిన ప్రతిసారీ కొత్త అక్షరం చేతికొచ్చింది. కొద్ది వారాల్లోనే ఢిల్లీ స్తంభం మీద 'దేవానంపియే పియదసి లాజ హేవం ఆహా' అని చదవగలిగాడు. దేవతలకు ప్రియుడైన పియదసి రాజు ఇలా అంటున్నాడు, అని.

మధ్యలో ఏవి తప్పు పోయాయి?

ముఖ్యంగా మూడు. మొదటిది, భాష సంస్కృతం అయి ఉంటుందని ఊహించడం. తూర్పు ప్రాంతపు ప్రాకృతంలో ర బదులు ల వస్తుంది, అందుకే పైన 'రాజ' కాక 'లాజ'. సంస్కృతం కోసం వెతికితే ఆ మాట ఎన్నేళ్లయినా దొరకదు.

రెండోది, చేత్తో గీసుకున్న నకళ్లు. లిపి తెలియనివాడు చూసి గీస్తే రాతి పగులు కూడా అక్షరమవుతుంది, అక్షరం చుక్క పోతుంది. రాతికి కాగితం ఒత్తి తీసిన అచ్చులు వచ్చాకే పని నిలబడింది.

మూడోది, చదివాక వచ్చిన పొరపాటు. పియదసి అంటే సింహళ రాజు అని ప్రిన్సెప్ మొదట అనుకున్నాడు.

పియదసి అంటే అశోకుడేనని ఎలా తెలిసింది?

సింహళంలో ఉన్న జార్జ్ టర్నర్ పాలి గ్రంథం దీపవంశంలో పియదస్సి అన్నది చంద్రగుప్తుడి మనవడు అశోకుడికే ఇంకో పేరని 1837లోనే చూపించాడు. రాతి సాక్ష్యం కోసం ఇంకా చాలా కాలం ఆగాల్సి వచ్చింది. 1915లో కర్ణాటకలోని మస్కిలో దొరికిన శాసనంలో 'అసోక' అన్న పేరే కనిపించింది. ఊహ అక్కడితో వాస్తవమైంది.

చదివింది సరైనదేనని రుజువేంటి? ఎవరికి తోచినట్టు వాళ్లు చదవొచ్చుగా?

తప్పు తాళంచెవి ఒక తలుపు పొరపాటున తీయవచ్చు, వంద తలుపులు తీయదు. అవే అక్షర విలువలు పెట్టి చదివితే గిర్నార్ బండ మీద 'అంతియక' అనే యోనరాజు పేరు వచ్చింది. ఆయన గ్రీకు చరిత్రలో ఉన్న అంతియోకస్. పదమూడో శాసనంలో తురమాయ, అంతెకిన, మగ, అలికసుదర అని ఇంకో నలుగురు గ్రీకు రాజులు కూడా వచ్చారు. ఈ పేర్లు ప్రిన్సెప్ కల్పించుకోవడానికి వీల్లేదు. ఆ తర్వాత కొత్తగా దొరికిన ప్రతి శాసనమూ, కర్నూలు జిల్లా ఎర్రగుడి శాసనాలతో సహా, అవే విలువలతో అర్థవంతంగా చదవడానికి వచ్చింది.

## మన ప్రాంతపు శాసనాలు

అమరావతి రాళ్ల మీద ఏం రాసి ఉంది? రాజుల గొప్పలేనా?

చాలావరకు మామూలు జనం పేర్లు. గృహస్థులు, వర్తకులు, భిక్షుణులు, వాళ్ల తల్లులు, కోడళ్లు, పిల్లలు. ఒక పూర్ణఘటం పలక మీది శాసనం చూడండి. దాత పేరు విధికుడు. వృత్తి 'చమ్మకార', అంటే తోలుపని. నాగ ఉపాధ్యాయుడి కొడుకు. తల్లి, భార్య, అన్నదమ్ములు, కొడుకు, కూతుళ్లతో కలిసి 'పుణఘటక' పలక ఇచ్చానని రాయించాడు. శాసనంలో ఉపాధ్యాయుడికి వాడిన మాట 'ఉపఝాయ'. మన 'ఒజ్జ' ఆ దారినే వచ్చింది. తోలుపని చేసే ఇంటి మనిషి పేరు రెండు వేల ఏళ్ల నాటి రాతి మీద, తండ్రి చదువుతో సహా నిలిచి ఉంది. గాజు పెట్టె ముందు ఒక్క నిమిషం ఎక్కువ నిలబడాల్సిన శాసనం ఇది.

భట్టిప్రోలు లిపిలో అంత ప్రత్యేకత ఏముంది?

తెనాలి–రేపల్లె రైలు దారిలో ఉన్న భట్టిప్రోలు స్తూపాన్ని 1892లో అలెగ్జాండర్ రీ తవ్వించాడు. ధాతువులు, అంటే బుద్ధుడి శరీర అవశేషాలు, ఉంచిన రాతి పెట్టెల అంచుల చుట్టూ రాతలు దొరికాయి. 1894లో గేయోర్గ్ బ్యూలర్ వాటిని చదివి ప్రకటించాడు. రాత బ్రాహ్మే గానీ కొన్ని అక్షరాలు తేడా: మ తలకిందులుగా ఉంటుంది, ఘ, ల ఆకారాలు వేరు.

అసలు చిక్కు గుణింతం దగ్గర వచ్చింది. అశోకుడి బ్రాహ్మిలో ఏ గుర్తూ లేని హల్లును 'అ'కారంతో చదవాలి, నెత్తిన అడ్డగీత ఉంటే దీర్ఘం. భట్టిప్రోలు రాతలో దాదాపు ప్రతి హల్లుకూ ఆ అడ్డగీత ఉంది. పాత లెక్కన చదివితే అన్నీ దీర్ఘాలే, 'కురస' కాస్తా 'కురాసా' అవుతుంది. అర్థం లేదు. కొన్ని చోట్ల మాత్రం ఆ గీత కొస కిందికి వంగి ఉంది. బ్యూలర్ గ్రహించింది ఇదీ: ఇక్కడ అడ్డగీత హ్రస్వానికి, కిందికి వంగిన గీత దీర్ఘానికి. గీత లేని హల్లు పొల్లు. తెలుగువాళ్లకు దీన్ని ఒక్క మాటలో చెప్పొచ్చు: తలకట్టు. క్ కి తలకట్టిస్తే క. నేటి తలకట్టు ఆ గీత నుంచే వచ్చిందని అనకూడదు గానీ, ఆలోచన అదే.

అలా చదివితే వాక్యం ఇలా తేలింది: 'కురపితునో చ కురమాతు చ కురస చ సివస చ మజుసం పణతి ఫాలిగషముగం చ బుధసరిరానం నిఖేతు'. కురుడి తండ్రి, కురుడి తల్లి, కురుడు, శివుడు కలిసి బుద్ధుడి ధాతువులు ఉంచడానికి మంజూష, స్ఫటికపు పెట్టె చేయించారు. మజుస అంటే మంజూష, ఫాలిగ అంటే స్ఫటికం, పితు, మాతు సరే సరి. నెమ్మదిగా చదివితే నిఘంటువు లేకుండానే సగం అందుతుంది.

భట్టిప్రోలు లిపే తెలుగు లిపికి తల్లి అంటారు. నిజమేనా?

అలా గట్టిగా చెప్పడం సరికాదు. శాసనాల భాష ప్రాకృతం. ఆ ప్రత్యేకమైన గుణింత పద్ధతి, తలకిందుల మ ఆ తర్వాతి అమరావతి, నాగార్జునకొండ శాసనాల్లో కొనసాగలేదు. తెలుగు లిపి దక్షిణాది బ్రాహ్మి నుంచి శాతవాహనులు, ఇక్ష్వాకులు, శాలంకాయనులు, విష్ణుకుండినులు, వేంగి చాళుక్యుల మీదుగా వచ్చింది. భట్టిప్రోలు గొప్పతనానికి తల్లి బిరుదు అవసరం లేదు. బ్రాహ్మిని మన ప్రాంతంలో ఇంకోలా ఆలోచించి దిద్దుకున్నారని చూపించే సాక్ష్యంగా దానికదే గొప్పది.

'నాగబు' మొదటి తెలుగు మాటేనా?

అమరావతి శాసన శకలం మీద ఆ మాట కనిపిస్తుంది, '-బు' ప్రత్యయాన్ని బట్టి తెలుగు అంటారు. అది ఒక మాట మాత్రమే, తెలుగు వాక్యం కాదు. పూర్తి తెలుగు శాసనాలకు రేనాటి చోళుల కాలం, 6వ శతాబ్దం దాకా రావాలి.

విజయవాడ మల్లేశ్వరాలయం దగ్గరి యుద్ధమల్లుడి శాసనం కూడా బ్రాహ్మేనా?

కాదు. అది తెలుగు–కన్నడ లిపి దశ, భాష తెలుగు, ఛందస్సు మధ్యాక్కర. కార్తికేయుడి గుడి కట్టించిన సంగతి అందులో ఉంది. బ్రాహ్మికి దానికి మధ్య వెయ్యేళ్ల దూరం.

బ్రాహ్మి అక్షరం తెలుగు అక్షరంగా ఎలా మారింది? ఒక్క ఉదాహరణ చెప్పండి.

గ తీసుకోండి. అశోకుడి కాలంలో అది ఇంటి కప్పులా రెండు ఏటవాలు గీతలు. తర్వాత కొన గుండ్రమై కమాను అయింది. పైన తలకట్టు చేరింది. నేటి గ లో ఆ కమాను ఇప్పటికీ ఉంది. థ మధ్యలో చుక్క చూశారా? బ్రాహ్మి థ కూడా సున్న మధ్యలో చుక్కే. బ్రాహ్మి మ మాత్రం మన పాత అంకె ౪ లాగా ఉంటుంది, దాన్ని చూసి తెలుగు మ ఊహించడం కష్టం.

## మీరే చదవాలనుకుంటే

నేర్చుకోవడానికి ఎక్కడ మొదలుపెట్టాలి?

అక్షరమాల వరుసలో బట్టీ పట్టొద్దు. ముందు 'దానం', తర్వాత 'స', తర్వాత గుణింతపు గీతలు: కుడికి అడ్డగీత దీర్ఘం, ఎడమకు ఏత్వం, రెండువైపులా ఉంటే ఓత్వం, కింద కొమ్ము. ఆపైన సులువైన ఆకారాలు: క కూడిక గుర్తు, ర నిలువు గీత, న తలకిందులైన ఇంగ్లీషు టీ, బ చదరం, ఠ ఉత్త సున్న. ఈ కాస్తతోనే అమరావతి దాన శాసనాల చివరి మాటలు పట్టుకోవచ్చు. ప్రాకృతం పెద్ద అడ్డు కాదు, తద్భవాలు తెలిసిన తెలుగువాళ్లకు అది సగం ఇంటి భాషే.

కొత్తవాళ్లు ఎక్కడ పొరబడతారు?

ప, స, హ, ల నాలుగూ కొక్కెం ఆకారాలు. వంపు ఎటు తిరిగింది, తోక ఎక్కడుంది అని చూడకపోతే ఒకదాన్ని ఇంకొకటి అనుకుంటారు. ఠ, థ తేడా ఒక్క చుక్క, రాతి పెచ్చు లేచినా చుక్కలాగే ఉంటుంది. మాటల మధ్య ఖాళీ సాధారణంగా ఉండదు, విడగొట్టుకోవాల్సింది మనమే. ఒత్తు అక్షరాలు ప్రాకృతంలో తరచూ రాయరు, అందుకే 'బుద్ధ' బదులు 'బుధ'. ఎర్రగుడిలో కొన్ని వరుసలు కుడి నుంచి ఎడమకు నడుస్తాయి, అది తెలియక తికమక పడ్డవాళ్లు చాలామంది.

ఫోన్‌తో ఫొటో తీస్తే అక్షరాలు కనపడటం లేదు, ఏం చేయాలి?

ఎదురుగా ఫ్లాష్ వేయకండి, గాళ్లన్నీ చదునైపోతాయి. వెలుతురు పక్క నుంచి, రాతిని రాసుకుంటూ వెళ్లేలా పడాలి. ఆరుబయట రాయి అయితే పొద్దున్నే లేదా సాయంత్రం తీయండి. లోపలైతే, అనుమతి ఉంటే, ఇంకో ఫోన్ టార్చి పక్కన పట్టుకుని ఎడమ నుంచి ఒకటి, కుడి నుంచి ఒకటి, పై నుంచి ఒకటి తీయండి. ఒక వెలుతురులో దాగిన గీత ఇంకోదానిలో బయటపడుతుంది. సుద్దముక్కతో, పిండితో అక్షరాలు పూడ్చడం మాత్రం చేయొద్దు. మీరు చదివింది తప్పయితే ఆ తప్పే రాతి మీద మిగిలిపోతుంది, పలనాటి సున్నపురాయికి రాపిడి అసలే పడదు.

శాసనాల అచ్చు, అదే ఎస్టాంపేజీ, ఎలా తీస్తారు?

రక్షిత కట్టడాల్లో పురావస్తు శాఖ అనుమతి లేకుండా తీయకూడదు. నిపుణులు చేసే పద్ధతి ఇది. మెత్తటి కుంచెతో దుమ్ము దులిపి, రాతిని మామూలు నీటితో తడుపుతారు, ఇనుప బ్రష్షు ముట్టుకోరు. తడిపిన పలుచని, గట్టి కాగితాన్ని పై నుంచి కిందికి పరిచి, గాలి బుడగలు లేకుండా గట్టి వెంట్రుకల బ్రష్షుతో మధ్య నుంచి అంచులకు కొట్టుకుంటూ వెళ్తారు. కాగితం అక్షరాల గాళ్లలోకి దిగుతుంది. తడి ఆరి కాగితం తెల్లబడుతున్నప్పుడు, మసి, జిగురు కలిపిన సిరాను గుడ్డ ఉండతో పైపైన అద్దుతారు. గాళ్లలోకి దిగిన చోట సిరా తగలదు, కాబట్టి నల్లటి నేల మీద తెల్ల అక్షరాలు వస్తాయి.

తడి ఎక్కువుండగా అద్దితే సిరా కాగితం దాటి రాతికి అంటుతుంది. బాగా ఆరనిస్తే కాగితం లేచిపోతుంది. సిరా చిక్కనైతే గాళ్లు కూడా నల్లబడి అక్షరం పోతుంది.

## ఇంకా తెరుచుకోనివి

బ్రాహ్మి చదవగలిగినప్పుడు సింధు లిపి ఎందుకు చదవలేకపోతున్నారు?

బ్రాహ్మికి ఉన్న ఆసరాలు దానికి లేవు. కింది తరాల లిపులు గొలుసుగా లేవు, భాష ఏదో తెలియదు, రెండు భాషల రాత దొరకలేదు. అన్నిటికంటే ఇబ్బంది రాతలు పొట్టివి కావడం: సగటున ఐదు గుర్తులు. ఐరావతం మహదేవన్ 1977లో వేసిన పట్టికలో 417 గుర్తులున్నాయి. గుణింతంగా విడగొట్టడానికి అది మరీ ఎక్కువ, ఒక్కో మాటకు ఒక్కో బొమ్మ అనుకోవడానికి మరీ తక్కువ. చదివినవాళ్లకు 10 లక్షల డాలర్లు ఇస్తామని తమిళనాడు ప్రభుత్వం 2025 జనవరిలో ప్రకటించింది. ఎవరైనా చదివేశామని చెబితే ఒక్కటే అడగండి: అవే విలువలు పెట్టి, సర్దుబాట్లు చేయకుండా, వాళ్లు ముందు చూడని ముద్రను చదవగలరా అని.